కుంకుమ కింది తేదీ

యానాం కోర్టు వరండాలో గడియారం పది దాటి పది నిమిషాలంటోంది, అయితే దాని మాట నమ్మడానికి లేదు, ఫ్రెంచివాళ్ళ రోజుల్లోనూ అది పావుగంట వెనకే నడిచేది. జెండా మారింది, జడ్జీలు మారారు, గోడల పసుపురంగు మీద తెల్లసున్నం పడింది, గడియారం మాత్రం తన అలవాటు మానుకోలేదు. అలవాటు అంత తేలిగ్గా పోయేదైతే నేనీ బల్ల మీద ఎందుకు కూర్చుంటాను? పదకొండింటికి పిలుస్తారని బంట్రోతు చెప్పాడు, పిలిస్తే గట్టిగా పలకమని కూడా చెప్పాడు. "కొంతమంది ముద్దాయిలు పేరు పిలిస్తే పెళ్ళికూతుళ్ళలాగ నేలచూపులు చూస్తారండి, జడ్జిగారికి చిరాకు" అన్నాడు. ముద్దాయి. యాభై రెండేళ్ళలో నన్నెవరూ అనని మాట. డ్రైవరు వెంకటరమణ అంటే ఫరంపేట నుంచి అగ్రహారం దాకా తెలియనివాళ్ళు లేరు, పురుటి నొప్పులొచ్చినా పెళ్ళివారు దిగినా నా ఫోర్డు కారే వెళ్ళాలి, నిండు చూలాలు ఎక్కితే రోడ్డు మీద గుంట వస్తుందనేసరికి నేనే ఊపిరి బిగబట్టేవాణ్ణి. కుడి చెయ్యి కండువా కింద పెట్టుకున్నాను. చలి లేదు, మాఘమాసం వెళ్ళిపోయింది, గోదారి మీంచి గాలి వెచ్చగా, కాస్త చేపల వాసనతో వస్తోంది, అయినా ఆ చేతిని బయట పెట్టబుద్ధి కావడం లేదు.

ప్లీడరు గోపాలకృష్ణగారు నిన్న కాకినాడ నుంచి వచ్చి నాకంతా విడమరిచి చెప్పారు, ఇప్పుడు లోపల ఎక్కడో కాగితాలు తిరగేస్తూ ఉండి ఉంటారు. కేసులో రెండు నేరాలున్నాయట. ఒకటి, గడువు తీరిన లైసెన్సుతో కారు నడపడం. దానికి తప్పించుకునే దారి లేదు, ఒప్పేసుకుంటే జరిమానాతో పోతుంది, లైసెన్సు మళ్ళీ చేయించుకుని కారెక్కొచ్చు. రెండోది, అజాగ్రత్తగా నడిపి మనిషి కాలు విరగ్గొట్టడం. అది రుజువైతే మొదటిది కూడా దానితో కలిసి బరువెక్కుతుందట. "చెల్లని లైసెన్సుతో మనిషిని గుద్దిన డ్రైవరని రాసేస్తారండి, జైలు మాట అలా ఉంచండి, ఈ జన్మలో మళ్ళీ స్టీరింగు ముట్టుకోనివ్వరు" అన్నారు. అయితే భయం లేదట. దెబ్బ తగిలిన శాంతిరాజు మేష్టారు తానే అడ్డం వచ్చానని ఆస్పత్రి మంచం మీదే పోలీసులకి చెప్పేశారు, ఇవాళ ప్రమాణం చేసి ఆ మాటే ఇక్కడ చెబితే రెండో నేరం ఎగిరిపోతుంది. "మీరు చెయ్యాల్సింది ఒక్కటే. అడిగినదానికి జవాబు చెప్పండి. అడగనిదానికి పెదవి కదపకండి." అడగనిది ఏమిటో ఆయనకి తెలియదు. తెలుసుకోవాలని ఆయనకి ఉన్నట్టు కూడా నాకు తోచలేదు, నేను ఒకసారి నోరు తెరవబోతే ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకోవడం మొదలుపెట్టారు, అది తుడవడం అయ్యేసరికి నా నోరు మూతపడిపోయింది.

పాత లైసెన్సు మీద ఒక్క తేదీయే ఉండేది, ఇచ్చిన తేదీ. పోయే తేదీ లేదు. పెర్మీ అనేవాళ్ళం దాన్ని, ఫ్రెంచి దొర ఆఫీసులో ఇచ్చేవారు. ముప్పై రెండో సంవత్సరం, ఆఫీసు వెనక దొడ్లో రెండు తారు పీపాలు నిలబెట్టి, వాటి మధ్య నుంచి కారుని వెనక్కి పోనివ్వమన్నారు. పీపా కదిలితే పెర్మీ లేదు. నాకు కారు నేర్పిన సెబాస్టియన్ ఆ గోడ పక్కనే నిలబడి టోపీ చేత్తో పట్టుకుని తిప్పుతున్నాడు, పుదుచ్చేరి మనిషి, నల్లగా ఆజానుబాహువు, మెడలో సన్నటి సిలువ. పీపాలు కదల్లేదు. దొరగారు సంతకం చేసి కాగితం ఇస్తే సెబాస్టియన్ దాన్ని వెలుగులో పెట్టి చూసి, "దీనికి చావు లేదురా రమణా, నువ్వు పోయాకే ఇది పోద్ది" అన్నాడు. ఆ మాట నా ఒంట్లో ఎక్కడో పడి వేరు తన్నింది. దేవుడు ఆయుర్దాయం రాసినట్టు ప్రభుత్వం డ్రైవరుతనం రాసిందనుకున్నాను. సెబాస్టియన్ ఇంకో మాట కూడా చెప్పాడు, అది మాత్రం వేరు తన్నలేదు. తన చర్చి ముందు నుంచి వెళ్ళినప్పుడల్లా కారు ఆపేసేవాడు, దొరగారు వెనక కూర్చుని ఉన్నా సరే ఆపేసేవాడు, దిగి, టోపీ తీసి, గుండెల మీద సిలువ గుర్తు వేసుకుని, మళ్ళీ ఎక్కేవాడు. "అలా పోతూ పోతూ పెట్టుకోవచ్చుగా మావా" అని నేను నవ్వితే, "దేవుడు తొందర పడడురా, తొందరంతా మనదే, దణ్ణం పెట్టాలనుంటే బండి ఆపు, బండి తోలాలనుంటే రెండు చేతులూ చక్రం మీద ఉంచు" అన్నాడు. అతను పోయి పన్నెండేళ్ళయింది. చివరిసారి వెళ్ళినప్పుడు మంచం మీద పడుకుని కూడా రెండు చేతులూ గుండ్రంగా గాలిలో పట్టుకుని ఉన్నాడు, ఎక్కడికి తోలుతున్నాడో.

వరండా అవతల ఎవరో తాటాకు గొడుగుతో నిలబడ్డారు, మేష్టారేమో అనుకున్నాను, కాదు. ఆయన రావాలి. రాకపోతే బాగుండును. రాకపోతే వాయిదా పడుతుంది, ఇంకో నెల ఇలాగే కండువా కింద చెయ్యి పెట్టుకుని తిరగాలి. తప్పంటే ఏమిటన్నది నాకెప్పుడూ తేలలేదు, పెద్ద చదువు లేనివాణ్ణి, ఫ్రెంచి బళ్ళో నాలుగు తరగతులు చదివి ఆపేశాను, కాని ఈ ఊళ్ళో పుట్టినవాడికి ఒక సంగతి చిన్నప్పుడే అర్థమవుతుంది, తప్పు అనేది కొన్ని గజాల దూరంలో తప్పు కాకుండా పోతుందని. నీలపల్లి దగ్గర హద్దురాయి ఉండేది. అవతల ఇంగ్లీషువాళ్ళు పసిపిల్లల పెళ్ళిళ్ళు కూడదని చట్టం తెస్తే అక్కడివాళ్ళంతా పెళ్ళిబట్టలతో ఇక్కడికి దిగేవాళ్ళు, ఇక్కడ ఆ చట్టం లేదు. ముహూర్తాల రోజుల్లో నేను రోజుకి ఐదారు పెళ్ళివారిని దాటించిన సందర్భాలున్నాయి. ఒకసారి ఒక పెళ్ళికూతురు, ఏడేళ్ళుంటాయేమో, మేనత్త ఒళ్ళో పడుకుని నిద్రపోతోంది, బాసికం ముక్కు మీదికి జారింది. హద్దురాయి దాటగానే వాళ్ళ పెద్దాయన "అమ్మయ్య" అని కండువాతో మొహం తుడుచుకున్నాడు, ఇక తప్పు లేదన్నట్టు. నేను అద్దంలో ఆ పిల్లని చూశాను. రాయికి అవతలా ఇవతలా అదే నిద్ర, అదే బాసికం. అప్పుడు నాకేదో అడగాలనిపించింది, ఎవరిని అడగాలో తెలియలేదు, కారు తోలుకుపోయాను. ఇప్పుడు ఆ రాయి సంగతి ఎవరూ తలుచుకోరు, దేశం అంతా ఒకటే అయింది, మంచిదే, నేనూ ఆ రోజు ఇంటి మీద జెండా కట్టాను. కాని హద్దురాళ్ళు ఎక్కడికీ పోలేదనిపిస్తోంది. నేల మీద ఉండేవి వచ్చి కాగితాల మీద కూర్చున్నాయి.

యాభై ఆరు ఆగస్టులో కాకినాడ ఆఫీసుకి వెళ్ళి కొత్త లైసెన్సు తెచ్చుకున్నాను. చిన్న పుస్తకం, గుడ్డ అట్ట, లోపల నా ఫొటో. అంతా ఇంగ్లీషు. నేను తెలుగు చదువుతాను, ఫ్రెంచి కూడబలుక్కుని చదువుతాను, ఇంగ్లీషు అక్షరాలు చూడగానే ఫ్రెంచిలాగే ఉన్నట్టుండి దగ్గరికి వెళితే మాట్లాడవు. గుమాస్తా ఏదో చెప్పాడు, వెనక నలభై మంది తోసుకుంటున్నారు, నేను నా ఫొటో చూసుకుంటూ ఉన్నాను, తల ఊపాను. ఏటేటా వచ్చి గడువు పొడిగించుకోవాలన్న సంగతి ఆ తల ఊపడంలో ఎక్కడో పోయింది. పెర్మీ పోయి దాని స్థానంలో ఇది వచ్చిందనుకున్నాను, దానికి చావు లేదు గనక దీనికీ ఉండదనుకున్నాను. యానాంలో పాత పెర్మీ ఉన్న డ్రైవర్లం ముగ్గురం ఉన్నాం, ముగ్గురం అలాగే అనుకున్నాం, మిగతా ఇద్దరూ నా సంగతి తెలిసిన మర్నాడే పరుగెత్తుకెళ్ళి చేయించుకున్నారు. పోయిన దసరాకి కారు కడిగి, రెంచీలూ జాకీ గాలిపంపూ పీట మీద పెట్టి, వాటి ముందు లైసెన్సు పుస్తకం తెరిచి పెట్టాను. బొట్టు పెట్టబోతే మా ఆవిడ నాగమణి ఆపింది. "ఫొటో మీద పెట్టకండి, పోయినోళ్ళకి పెట్టినట్టుంటది" అంది. నిజమేననిపించి పక్క పేజీలో పెట్టాను, తడి కుంకుమతో బొటనవేలు గట్టిగా అద్ది. ఆ పక్క పేజీలోనే అంకెలున్నాయట. అంకెలు ఏ భాషలోనైనా చదవగలను. చూసి ఉంటే తెలిసేది. చూడలేదు, కళ్ళు మూసుకుని నమస్కారం చేశాను.

ఆ కుంకుమనే కార్తీకమాసంలో సబ్బినస్పెక్టరు గోటితో గీకాడు. ఆస్పత్రి గేటు దగ్గర, అందరి ముందూ. "ఇదేంటయ్యా, లైసెన్సుకి పెళ్ళి చేశావా?" అని ముందు నవ్వాడు, తరవాత గోరు కింద అంకెలు బయటపడేసరికి ఈల వేశాడు. "నీ లైసెన్సు పోయి మూడు నెలలయింది, పెద్దాయనా. శవానికి బొట్టు పెట్టుకు తిరుగుతున్నావు." చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారు, నాకు కూడా నవ్వు రావలసిన మాటే అది, రాలేదు. నేను అతని గోటిని చూస్తున్నాను, గోరంతా ఎర్రగా అయింది, ఎవరి రక్తమో అంటినట్టు. అమ్మవారి ముందు పెట్టిన రోజుకే అది చచ్చి ఉంది. చచ్చినదానికి హారతిచ్చాను. తెలియక చేసినదానికి పాపం లేదంటారు పురాణం చెప్పేవారు, మరి కోర్టులో అలా అనరేం? తెలియకపోవడం నేరం తగ్గించదని ప్లీడరుగారు చెప్పారు. సరే, తగ్గించవద్దు. ఆ తేదీ విషయంలో నాకు సిగ్గే గాని బాధ లేదు. ఆగస్టు పదిహేడున ఈ చేతులకి కారు తోలడం వచ్చు, పద్ధెనిమిదిన రాదా? పుస్తకం మీద గడువు పొడిగించిన ముద్ర ఉండి ఉంటే మాత్రం ఆ పొద్దున ఏమన్నా మారేదా? ఇక్కడే నా ఆలోచన ప్రతిసారీ కాలు జారుతుంది. మారేది కాదు. ముద్ర ఉన్నా నా చెయ్యి లేచేది.

కార్తీక సోమవారం. తెల్లారి గోదారిలో స్నానం చేసి, ఉపవాసంతోనే మెట్టకూరు వెళ్ళి ఒక ముసలాయన్ని ఎక్కించుకున్నాను, ఆయన వెనక సీట్లో ఎక్కగానే కునుకులోకి జారాడు. ఎండ పలచగా ఉంది, రోడ్డు మీద ఎవరూ లేరు, మనసు ఎంత హాయిగా ఉందో ఇప్పటికీ గుర్తుంది, అదే ఇంకా బాధ. గుడి వీధి మొగ దగ్గరికి వచ్చేసరికి మీసాల వెంకన్న గుడి శిఖరం కనిపించింది. ఇరవయ్యేళ్ళ అలవాటు. కుడి చెయ్యి స్టీరింగు వదిలి నుదుటికి వెళ్ళింది, కళ్ళు ఒక్క క్షణం మూతపడ్డాయి, గోవిందా అన్నాను, దా అక్షరం నోట్లో ఉండగానే చప్పుడు. అంత పెద్ద చప్పుడేం కాదు, ఇంట్లో బిందె కింద పెట్టినట్టు. కళ్ళు తెరిచేసరికి సైకిలు చక్రం గాలిలో తిరుగుతోంది, మేష్టారు రోడ్డు మీద పక్కకి పడి ఉన్నారు, కాలు మోకాలి కింద మనిషి కాలు ఉండవలసిన తీరులో లేదు. మా చిన్నవాడికి ఎక్కాలు నేర్పిన మనిషి. నేనే ఎత్తి కార్లో పడుకోబెట్టాను, నేనే ఆస్పత్రికి తోలాను, అప్పుడు మాత్రం రెండు చేతులూ చక్రం మీదే. ముసలాయన ఏమీ చూడలేదు. రోడ్డు మీద ఎవరూ లేరు. పోలీసులు అడిగినప్పుడు, "ఎదురొచ్చారండి, బ్రేకు వేశానండి, అందలేదండి" అన్నాను. బ్రేకు వేసిన మాట నిజం. ఎప్పుడు వేశానో వాళ్ళు అడగలేదు.

అప్పటి నుంచి కారు పాకలో గోనెపట్టాల కింద ఉంది. నాలుగు నెలలు. గుడికి నడిచే వెళుతున్నాను, వెళ్ళి ధ్వజస్తంభం దగ్గర ఆగిపోతున్నాను, చేతులు జోడించబోతే కుడి చెయ్యి బరువుగా, వేరే ఎవరిదో అయినట్టు లేస్తుంది. స్వామీ, నీకు దణ్ణం పెడుతుంటే జరిగిందే, నువ్వు చూస్తూనే ఉన్నావే, అరక్షణం ఆపలేకపోయావా అని ఒకసారి అడిగాను. అడిగి వెంటనే సిగ్గుపడ్డాను. ఆపమని సెబాస్టియన్ చేత ముందే చెప్పించాడు కదా. కారు నడుపుతూ నమస్కరించమని స్వామి నన్ను ఏనాడన్నా అడిగాడా? అది భక్తో, కారు దిగే ఓపిక లేక పైపైన తీర్చుకున్న మొక్కుబడో, అదే తేలడం లేదు. మొన్న నాగమణి హారతి పట్టుకుని, "ఈ మధ్య ఎడం చేత్తో కళ్ళకద్దుకుంటన్నారేంటి?" అంది. భుజం నొప్పి అన్నాను. ఆవిడ రెండు రోజులు ఆముదం కాచి రాసింది, ఏమీ లేని భుజానికి. ఇవాళ బయలుదేరుతుంటే అక్షింతలు వేసి, "తేదీ మర్చిపోయానని ఒప్పేసుకోండి, తప్పేం కాదు, మనిషన్నాక మర్చిపోడా, రేపీపాటికి కారు కడుగుదురు గాని" అంది. ఆవిడకి చెప్పలేదు. ఎవరికీ చెప్పలేదు.

రిక్షా బెల్లు. ఈసారి మేష్టారే. రిక్షావాడు పట్టుకుంటే దిగారు, కుడి చంక కింద వెదురు ఊతకర్ర, దాని పైన చంకకి ఒరుసుకోకుండా ఆయన భార్య ఎస్తేరమ్మగారు కుట్టిన గుడ్డ దిండు. మెట్లు ఒక్కొక్కటే ఎక్కుతున్నారు, నేను లేచి ఎదురెళ్ళాలా, ముద్దాయి సాక్షికి ఎదురెళ్ళొచ్చా, ఆలోచిస్తూండగానే ఆయన వచ్చేసి నా పక్కన ఊతకర్ర ఆనించారు.

"జరగండి రమణగారూ. ముద్దాయీ సాక్షీ ఒకే బల్ల మీద కూర్చోకూడదేమో తెలీదు గానీ, ఇంకో బల్ల వెయ్యలేదు కదండీ."

"కూర్చోండి మేష్టారూ. కాలు ఎలా ఉందండి?"

"వానొచ్చే ముందు చెబుతోందండి, ఆయ్. బళ్ళో వెధవలు మబ్బు పట్టగానే, మేష్టారూ మీ కాలు ఏమంటోందండీ, సెలవిచ్చెయ్యమంటోందా అని అడుగుతున్నారు." నవ్వారు. ఆయన నవ్వితే ఎదుటివాడు కూడా నవ్వవలసిందే, నేను కూడా నవ్వాను, నవ్వి ఎందుకు నవ్వానా అనుకున్నాను. "మా ఎస్తేరు పొద్దున్నే తగువేసుకుందండి. కాలు విరగ్గొట్టుకుంది చాలక కోర్టులకి కూడా తిరుగుతున్నావు, ఇంకో కాలు కూడా ఉంది, దాన్నేం చేస్తావంది."

"ఆవిడ మాటలో తప్పేం లేదండి."

"ఇంకో సంగతి చెప్పనా. నా సైకిలు బిళ్ళ కూడా పోయినేడాదిదేనండి. రేకు బిళ్ళ, పంచాయితీ వాళ్ళిచ్చేది. మార్పించుకోలేదు. ఆస్పత్రిలో పడుకుని, మీ లైసెన్సు గొడవ వింటూ, నా బిళ్ళ ఎవరన్నా చూస్తారేమో అని నా భయం. ఎవరూ అడగలేదు. కాలు విరిగినోణ్ణి బిళ్ళేం అడుగుతారు?" వరండా చివర బంట్రోతు ఎవరితోనో కేకలేస్తున్నాడు. మేష్టారు ఊతకర్ర మీది దిండుని బొటనవేలితో నొక్కుతూ, గొంతు తగ్గించి, "మీరు చెయ్యెత్తారండి" అన్నారు. "చూశాను నేను."

నేను కండువా కింద చేతిని ఇంకో చేత్తో పట్టుకున్నాను.

"వెంకన్నకి కదండీ? నేను సందులోంచి వస్తూనే చూశాను. కారు మీదే, రమణగారే కదా, ఆపుతార్లే అనుకుని వచ్చేశాను. తీరా చూస్తే కళ్ళు మూసుకుని ఉన్నారు."

"మరి పోలీసులకి చెప్పలేదేమండీ?"

"ఏమని చెప్పనండీ? దేవుడికి దణ్ణం పెట్టుకుంటున్నాడు, జైల్లో పెట్టండి అనా? నేనూ ప్రార్థన చేసుకునేవాణ్ణే. నోరు రాలేదు. బెల్లు కొట్టలేదు నేను, అది నిజం. చూసుకోకుండా అడ్డొచ్చానని చెప్పేస్తాను, మీరు రేపట్నించి కారు తోలుకోండి."

"ప్రమాణం చేయిస్తారు కదండీ, మేష్టారూ."

"చేయిస్తారు." ఆయన గోదారి వైపు చూశారు. "పైనున్న ఆయనకి నేను చెప్పుకుంటాన్లెండి."

ఆపుతార్లే అనుకున్నారట. ఇరవయ్యారేళ్ళలో నేను సంపాదించుకున్నది ఇదే కాబోలు, సందులోంచి ఒక మనిషి నన్ను చూసి భయం లేకుండా రోడ్డు మీదికి రావడం. దానికి ఏ ఆఫీసూ ముద్ర వెయ్యదు, పెర్మీ కాదు, పుస్తకం కాదు, దాని గడువు మాత్రం నిజంగా ఆ పొద్దున తీరిపోయింది, గోవిందాలో దా దగ్గర. ఆ పొద్దుటి నుంచీ ఆయన నాకోసం ఆ అబద్ధాన్ని మోస్తున్నారు, విరిగిన కాలితో పాటు. బళ్ళో పిల్లల చేత అబద్ధమాడరాదని వంద సార్లు పలక మీద రాయించే మనిషి. నేను ఆరెంజి పళ్ళు పట్టుకుని ఆస్పత్రికి వెళ్ళాను, ఎన్నిసార్లు వెళ్ళానో, మంచం పక్కన కూర్చుని ఎండా వానా గురించి మాట్లాడాను, ఆయనా మాట్లాడారు, అన్నిసార్లూ ఆయనకి తెలుసు. ఇప్పుడు నేనేం చెయ్యాలి? ఏమీ చెయ్యకుండా ఉంటే చాలు. ఇంత సులువైన పని జీవితంలో నాకెవరూ ఇవ్వలేదు. పెదవి కదపకపోవడం. సాయంత్రానికి గోనెపట్టా తీసి, రేడియేటరులో నీళ్ళు పోసి, హ్యాండిలు తిప్పితే ఆ ఫోర్డు మొదట రెండు సార్లు దగ్గి మూడోసారి అందుకుంటుంది, ఆ చప్పుడు నా ఒంట్లో వినిపిస్తోంది, పెట్రోలు వాసన, గోదారి గట్టు మీద గాలి. కారు లేకపోతే నేనేమిటి? నాగమణి మొగుణ్ణి, ముగ్గురు పిల్లల తండ్రిని, సరే, అవన్నీ ఉంటాయి, కాని పొద్దున్నే లేవగానే చేతులు దేని కోసం చాపుకోవాలి? ఎవరికీ హాని లేదు, మేష్టారే మాపు చేశారు, దెబ్బ తిన్నవాడే మాపు చేస్తే ఇంక మాపు చెయ్యవలసినవాళ్ళెవరు? స్వామీ, నువ్వేనా? నువ్వయితే ఏదో ఒకటి చెప్పు. కోర్టు కప్పు మీద పావురాలు కదిలాయి. అవి ఎప్పుడూ కదులుతూనే ఉంటాయి.

పేరు పిలిచారు. గట్టిగానే పలికాను.

లోపల చల్లగా ఉంది. జడ్జిగారు నడివయసువాడు, నెమ్మదైన మనిషి, తలెత్తకుండానే అడిగారు. లైసెన్సు గడువు తీరిన సంగతి నిజమేనా? నిజమేనండి. తీరాక కూడా కారు నడిపారా? నడిపానండి. గుమాస్తా పుస్తకం చూపించాడు, అందులో గోటి గీతలు, వాటి మధ్య కుంకుమ ఇంకా గులాబీరంగు మరకలా ఉంది, మరక మధ్య నుంచి అంకెలు నన్ను చూస్తున్నాయి. ప్లీడరుగారు నా వైపు తిరిగి కళ్ళతోనే చాలు అన్నారు. సాక్షిని పిలిచారు.

ఈ కోర్టులో ఇంకా పాత పద్ధతే. సాక్షి నిలబడి కుడి చెయ్యి పైకెత్తి, దేవుడి మీద ప్రమాణం చేస్తున్నానని అనాలి. ఫ్రెంచివాళ్ళ రోజుల్లో ఫ్రెంచిలో అనేవాళ్ళు, ఇప్పుడు తెలుగులో, చెయ్యి మాత్రం అదే చెయ్యి. మేష్టారు ఊతకర్ర మీద వచ్చి నిలబడ్డారు. ఎడం చెయ్యి ఎత్తారు. "కుడి చెయ్యండి" అన్నాడు గుమాస్తా. మేష్టారు చంక కిందికి చూసుకున్నారు, మొహమాటంగా నవ్వారు, కర్రని ఎడం వైపుకి మార్చుకోబోయి, కాదని, బరువంతా మంచి కాలి మీద వేసుకుని, మెల్లగా కుడి చెయ్యి వదిలారు. కర్ర జారి గచ్చు మీద పడింది. వెదురు చప్పుడు గదంతా దొర్లింది. ఆయన చెయ్యి దించలేదు. పట్టు లేకుండా ఊగుతూ, అరిచెయ్యి బయటికి పెట్టి, నా కోసం ఎత్తిన చెయ్యి, నుదుటి దగ్గరికి వచ్చి నిలబడింది, సరిగ్గా ఆ ఎత్తులోనే, ఆ పొద్దున నాది లేచినంత ఎత్తులోనే. "దేవుడి మీద" అన్నారు.

నేను నా చోటు వదిలి ఎలా వెళ్ళానో తెలియదు. "ఏయ్, నీ చోట నిలబడు!" అని కానిస్టేబులు అరుస్తున్నాడు. కండువా ఎక్కడో పడిపోయింది. కుడి చేత్తో మేష్టారి మోచెయ్యి కింద పట్టుకున్నాను.

"ఏమిటది?" అన్నారు జడ్జిగారు. "లైసెన్సు సంగతి ఒప్పుకున్నారు కదా, ఇంకేముంది?"

"అది తేదీ సంగతండి. ఇది చేతి సంగతండి, బాబూ. మేష్టారి చేత ప్రమాణం చేయించకండి. ఆ పొద్దున ఎత్తిన చెయ్యి నాదండి."

"రమణగారూ, వద్దండీ" అన్నారు మేష్టారు, నాకు మాత్రమే వినిపించేలా. ప్లీడరుగారు కళ్ళజోడు తీశారు, ఈసారి తుడుచుకోలేదు. గుమాస్తా రాస్తున్న కాగితం తిప్పి కొత్త పేజీ తీశాడు. జడ్జిగారు మొదటిసారి తలెత్తి నా మొహంలోకి చూసి, చెప్పండి అన్నారు. నేను గుడి వీధి మొగ దగ్గర మొదలుపెట్టాను. చెబుతున్నంతసేపూ మేష్టారి బరువు నా కుడి చేతి మీదే ఉంది. ఈసారి దాన్ని తియ్యలేదు.